గాలింపు ఫోటో

ఖాకీ బట్టలు కనబడగానే బస్టాండులో జనం, కాకుల గుంపులో రాయి పడ్డట్టు చెదిరిపోయారు.

“జనాన్ని విచారిద్దామని వస్తే జనమే లేరేంటయ్యా?” అన్నాడు ఎస్సై.

“ఒకడున్నాడు సార్. మనల్ని చూసి కూడా కదల్లేదు,” అన్నాడు హెడ్ కానిస్టేబుల్.

మూల బెంచీ మీద ఒక గడ్డపాయన కూర్చుని ఉన్నాడు. వచ్చే బస్సునీ పోయే బస్సునీ చూడటమే తప్ప ఏదీ ఎక్కే రకంలా లేడు.

ఎస్సైకి ఆ పూట ఎవడైనా ఒకటే. వ్యవహారం పీకల మీదికొచ్చింది.

ఒకావిడ మొగుడు కనబడకుండా పోయాడు. స్టేషన్ చుట్టూ తిరిగి తిరిగి చెప్పులరిగాక, ఆవిడ నేరుగా హైకోర్టు మెట్లెక్కింది. వాయిదా వచ్చినప్పుడల్లా ఎస్సై, “ముమ్మరంగా గాలిస్తున్నాం” అని రిపోర్టు ఇస్తూ వచ్చాడు. నిజానికి కుర్చీలోంచి లేస్తే ఒట్టు.

పోయిన వాయిదాలో జడ్జిగారు కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టారు.

“గాలిస్తే అది మాకూ కనబడాలి కదా! ఈసారీ ఇదే పాట పాడితే, మీ ఒంటి మీద ఆ చొక్కా ఉండదు.”

తెల్లారితే వాయిదా.

“కనబడాలంటే ఫోటోని మించిందేముంది సార్?” అన్నాడు హెడ్డు. అదీ వాళ్ళు బస్టాండుకొచ్చిన కథ.

“ఏమయ్యా, ఇలా రా. ఫోటోకి నిలబడాలి,” అన్నాడు ఎస్సై.

గడ్డపాయన బెదరలేదు. చొక్కా దులుపుకుని వచ్చాడు.

ఎస్సై కాగితం చూపించాడు. ఆవిడ ఇచ్చింది పెళ్ళికి ముందెప్పటిదో ఫోటో. జిరాక్సుకి జిరాక్సు తీసీ తీసీ, అందులో మనిషికీ మసిగుడ్డకీ తేడా లేకుండా చేశారు.

గడ్డపాయన అటు తిప్పీ ఇటు తిప్పీ చూశాడు.

“ఇందులో మనిషున్నాడా సార్?”

“ఉన్నాడో లేడో నీకెందుకు? నేను అడుగుతున్నట్టుంటా, నువ్వు చెబుతున్నట్టుండు.”

గడ్డపాయన హుషారుగా చెయ్యి చాచి రోడ్డు వైపు చూపించాడు. హెడ్డు ఫోను నొక్కాడు.

“కొంప ముంచావు! అటు చూపిస్తే, అటెందుకు వెళ్ళలేదని జడ్జిగారు నన్ను ఉతికి ఆరేస్తారు. తెలీదన్నట్టు చేతులు తిప్పు.”

తిప్పాడు. కానీ నవ్వాడు.

“ఆ ఇకిలింపేంటి? ఇక్కడ మనిషి తప్పిపోయి మేం చస్తుంటే!”

“నేను ఏడిస్తే మాత్రం దొరుకుతాడా సార్? ఇంతకీ ఎవరు వెతికిస్తున్నారు?”

“పెళ్ళాం. పోయినవాడు పోయాడని ఊరుకోదు, నా ప్రాణం తోడేస్తోంది. ఆ నోరు విన్నాక, వాడు ఎందుకు పోయాడో నాకు వేరే విచారణ అక్కర్లేదు.”

“తప్పు సార్. చెప్పకుండా పోయినవాణ్ణి వదిలేసి ఆవిణ్ణంటారేంటి?”

“ధర్మరాజువి దొరికావురా బాబూ! చేతులు తిప్పు.”

“ఈ ఫోటో కోర్టులో ఎవరెవరు చూస్తారు?”

“అందరూ చూస్తారు. సినిమా వాళ్ళు మాత్రం రారు, ఆశ పెట్టుకోకు.”

గడ్డపాయన పై గుండీ పెట్టుకున్నాడు. జుట్టు సవరించుకున్నాడు. ఈసారి నవ్వకుండా, ఫోను వైపే చూస్తూ రెండు చేతులూ తిప్పాడు.

“అబ్బ, బ్రహ్మాండం!” అన్నాడు హెడ్డు.

“సార్, ఒక్క మాట...”

“నీ పని అయిపోయింది. రేపు మళ్ళీ ఇదే బెంచీ మీద కనిపించావో, లోపలేస్తా.”

కదులుతున్న బస్సొకటి చూసి, హెడ్డు ఆయన్ని రెక్క పట్టుకుని అందులోకి తోశాడు.

మర్నాడు కోర్టులో జడ్జిగారు ఫోటో చూసి తలాడించారు.

“ఇప్పటికి కాస్త పని చేసినట్టు కనబడుతోంది.”

ఎస్సైకి ఒంటి మీద చొక్కా మళ్ళీ చల్లగా తగిలింది.

“ఈ మాట్లాడిన మనిషి పేరేంటి? ఎక్కడుంటాడు?”

“దారినపోయే దానయ్య సార్. బస్సెక్కి వెళ్ళిపోయాడు.”

“ఏ బస్సు?”

ఎస్సై హెడ్డు వైపు చూశాడు. “బోర్డు చూడలేదు సార్,” అని గొణిగాడు హెడ్డు.

జడ్జిగారు ఫోటోని ఆవిడకి ఇప్పించారు.

“చూడమ్మా. పోలీసులు వెతకడం లేదన్నావుగా?”

ఆవిడ ఫోటోని కళ్ళకి దగ్గరగా పట్టుకుంది.

“వెతుకుతున్నారయ్యా, కాదనను,” అంది చూపు తిప్పకుండానే. “కాకపోతే, ఆ తెలీదంటున్న గడ్డపాయనే మా ఆయన.”