వెనక్కి తిరిగిన ముందు వరుస

“ఇదేం పాట్రా నాయనా, రోడ్డు రోలరా?”

ముందు వరుసలోంచి వెల్డర్ అరిచాడు.

పాత గోదాములో పాట మొదలై చాలాసేపైంది. పాడే అన్న మైకు పట్టుకుని ఊరికే నిలబడ్డాడు. ఒకప్పుడు ఈ పంక్ బ్యాండ్ టీ చల్లారేలోపు నాలుగు పాటలు బాదేసేది. ఇప్పుడు ఒకటే మోత, నేలలోంచి పాకి మోకాళ్ళలోకి ఎక్కుతోంది.

ఆ మోతంతా ఈమధ్యే చేరిన బేస్ గిటారాయనది. ఇంత ఉక్కపోతలోనూ మెడకు మఫ్లర్. అభిమానులు పెట్టిన పేరూ అదే. ఎవరాయన అంటే చెప్పరు. కేసెట్ల మీదైనా పేర్లూ ఫొటోలూ వేయకూడదని ఈ బ్యాండ్ పంతం.

“పచ్చని కాపురంలో నిప్పులు పోశాడు,” అంది పక్కనున్న నర్సు.

“తిరగండర్రా!” అన్నాడు వెల్డర్.

ముందు వరుసంతా స్టేజీకి వీపు పెట్టింది. ఈ గుంపులో అంతకు మించిన తిట్టు లేదు.

పాట సగంలో ఆగిపోయింది.

మఫ్లర్ వైర్లు చుట్టుకుంటుంటే వెల్డర్ ఎదురెళ్ళాడు.

“ఎవరయ్యా నువ్వు? మా బ్యాండ్ మీద ఎక్కణ్ణుంచి ఊడిపడ్డావు?”

ఆయన తలెత్తి నవ్వాడంతే.

“మాట్లాడితే ముత్యాలు రాలతాయా?”

ఆయన తల అడ్డంగా ఊపాడు.

“వీళ్ళ మొదటి కేసెట్ విన్నావా అసలు? మా అమ్మ పోతే నాకు ఏడుపే రాలేదు. రాయిలా తిరిగాను. అందులో ఆ మైకు దగ్గరి అన్న పెట్టిన కేక వింటే వచ్చింది. ఆ గొంతు లేకపోతే నేనేమైపోయేవాణ్ణో! దాని మీద ఈ రొద తెచ్చి పోశావు. నమ్మినవాళ్ళని నట్టేట ముంచారు కదయ్యా!”

ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. వెల్డర్ భుజం తట్టి, గిటార్ గోడకు ఆనించి, వెనక తలుపులోంచి వెళ్ళిపోయాడు.

“పీడ విరగడైంది!” ఎవరో ఈల వేశారు.

డ్రమ్స్ వాయించే అమ్మాయి చెమట తుడుచుకుంటూ వచ్చింది.

“అన్నయ్య ఏడి? గిటార్ వదిలేశాడేంటి?”

“ఆ మఫ్లర్ మీ అన్నయ్యా? నాలుగు మాటలన్నాను, పోయాడు. పోతే పోనీ చెల్లెమ్మా, మనం మళ్ళీ మొదటి కేసెట్ పాటలు వేసుకుందాం. ఆ కేక మళ్ళీ వినాలి.”

ఆ అమ్మాయి తలుపు దాకా పరుగెత్తింది. సందు ఖాళీగా ఉంది.

“ఎంత బతిమాలితే స్టేజీ ఎక్కాడో తెలుసా? ఇక రాడు. వాడి సంగతి నాకు తెలుసు.”

“మరి నోరు తెరిచి ఒక్క మాట అనొచ్చుగా!” అన్నాడు వెల్డర్, కాస్త తగ్గి.

“గొంతుంటేగా అనడానికి? ఈ బ్యాండ్ ఇంకా స్టేజీ ఎక్కకముందే, అరిచీ అరిచీ పాడైతే డాక్టర్లు తీసేశారు. పోయిన గొంతుని ఈ తీగల మీద వెతుక్కుంటున్నాడు.”

ఆ అమ్మాయి గిటార్ తీసి ఒళ్ళో పెట్టుకుంది.

“నువ్వు మళ్ళీ వినాలంటున్న ఆ కేక మా అన్నయ్యదే.”