అటు అంటే ఎటు

అరకు సంతలో పొగరెక్కిన ఎద్దు కొమ్ములు వంచి, చూపులేని గౌరునాయుడి ప్రాణం కాపాడింది నేనే.

ఆ ఎద్దు తాడు తెంపుకుని, అప్పటికే ఒక అల్లం బేరగాణ్ణి కుమ్మి నెత్తురుమడుగులో పడేసింది. పశువులను కట్టే పలుపుతాళ్లు పేని అమ్మే గౌరునాయుడు దారి మధ్యలో నిలబడి, జనం కేకల్లో డెక్కల చప్పుడు వెతుక్కుంటున్నాడు. నేను వెనకనుంచి వెళ్లి, మాటా పలుకూ లేకుండా అతని చెయ్యి పట్టి లాగాను.

అతని మోచెయ్యి వచ్చి నా మూతి పగలగొట్టింది.

"ఎవుడ్రా నువ్వు? నోట్లో నాలిక నేదా?"

"నేను సింహాచలాన్ని, నాయుడూ. ఎద్దు వత్తంది, బేగి రా."

"ఎటునుంచి?"

"అదిగో, అటునుంచి," అని వేలు చూపించాను.

"నీ ఏలు నాకు కనపడతాదేటి? కుడో ఎడమో సెప్పు."

"కుడిపక్కనుంచి."

"మరి నన్ను కుడికే లాగుతన్నావు గదరా. లాగడం మాను. నీ జబ్బ ఇలాగియ్యి, నేను పట్టుకుంటాను. నువ్వు ముందు నడు."

అతను నా జబ్బ పట్టుకున్నాడు. ఎడమకి నాలుగడుగులు వేసి కాబేజీల ఆటో చాటుకి చేరాం. ఎద్దు కొమ్ము ఆటో రేకులో దిగబడింది.

కొమ్ములు వంచడం ఉత్తిదే. బతికించింది కూడా అతనే, నన్ను.

ఇంకొకటి కూడా కల్పించాను. కొమ్ము దిగబడింది రేకులో కాదు, గౌరునాయుడి తొడలో. చాటుకి ఒక్క అడుగు తక్కువైంది. నేను వేలు చూపిస్తూ నిలబడకపోతే ఆ అడుగు అందేది.