అతుకు

షెడ్డు వెనకగది తలుపు తోసింది అక్క. లోపల గడియ పడి ఉంది.

గేట్లు, కిటికీ చట్రాలు చేసే షెడ్డు అది. అక్కాచెల్లెళ్లిద్దరిదీ. నిప్పు రవ్వలు ఎగిరేచోట లోపలినుంచి గడియ వెయ్యకూడదని వాళ్ల నియమం. వెనకగది గడియ ఏళ్ల తరబడి కదపక తుప్పు పట్టిపోయింది. ఈ మిట్టమధ్యాహ్నం అది వేసి ఉందంటే, వేసింది చెల్లెలు కాదు.

"ఏమేవ్, తలుపు తియ్యి" అని రెండుసార్లు పిలిచింది. లోపల ఎవరో గొణుగుతున్నారు. ఏదో దబ్బున పడిన చప్పుడు. అక్క ఇక ఆగలేదు. గోడకు ఆనించి ఉన్న సమ్మెట అందుకుని తలుపు మీద మోదడం మొదలుపెట్టింది. నాలుగో దెబ్బకు పలక నిలువునా చీలింది. అప్పుడే వినిపించింది కేక.

"అక్కా, వద్దు."

నన్ను పిలుస్తోంది, వాడెవణ్ణో వద్దంటోంది అనుకుంది అక్క. ఒళ్లు మరిచి మోదింది. గడియ ఊడి ఎగిరిపడింది.

చెల్లెలు ఇనుప చక్రం ముందు నేలమీద పడి ఉంది. కణత దగ్గర నలుచదరంగా లోతుగా దిగిన గాయం. తల ఒళ్లోకి తీసుకునేసరికే ఊపిరి లేదు. గదిలో ఇంకో పురుగు లేదు. కిటికీకి వాళ్లు బిగించిన ఊచలు ఒక్కటీ వంగలేదు.

చాలాసేపు అలాగే కూర్చుంది. ఏడవలేదు. ఏడిస్తే పోయిందని ఒప్పుకున్నట్టే. చీర కుచ్చెళ్లు నెత్తుటికి తడిసి కాళ్లకు అంటుకుంటుంటే, తలెత్తి చక్రం వైపు చూసింది.

మనిషి దూరేంత చక్రం అది. చెల్లెలు పాత ఇనుముతో చేసి, చుట్టూ రాగితీగ చుట్టింది. అందులోకి విసిరిన బోల్టు పావుగంట వెనక్కి వెళ్లి పడుతుంది, అయిదు నిమిషాలు అక్కడ ఉండి తిరిగి వచ్చేస్తుంది. కిందటి వారం అక్క కళ్లారా చూసింది. ఈ వలయంలో జరిగేదానికి మొదలంటూ ఉండదనీ, దాన్ని అదే పుట్టించుకుంటుందనీ చెప్పేది చెల్లెలు. "గాజుకి కొస ఎక్కడుందో చూపించు చూద్దాం" అని సవాలు చేసేది. అక్క నవ్వేసేది. "ఆ కబుర్లు గాజుల కొట్లో చెప్పు. ఇనుప చక్రమన్నాక అతుకు ఉండి తీరుతుంది. కనబడకుండా రుద్దేది మనమేగా."

అతుకు ఉంటే విరగ్గొట్టొచ్చు. అక్క సమ్మెట భుజాన వేసుకుని, మీట దించి, చక్రంలోకి దూరింది.

చెవులు గింగురుమన్నాయి. అదే గది. తలుపు నిక్షేపంలా ఉంది. చెల్లెలు కింద కూర్చుని తీగ చుడుతోంది.

"గేటు బిగించడానికి వెళ్లి అప్పుడే వచ్చేశావా? ఇంటివాళ్లు టీ అయినా..." అంటూ తలెత్తి ఆగిపోయింది. "అక్కా, ఆ నెత్తురెవరిది?"

"నీదే."

అక్క ముందు వెళ్లి గడియ వేసింది. తుప్పుకు కదలకపోతే సమ్మెట పిడితో పొడిచి మరీ దించింది. తరవాత చూసిందంతా గబగబా చెప్పింది.

"అయితే గడియ వేసింది నువ్వేనన్నమాట" అంది చెల్లెలు. "నియమాలన్నీ నాకేనా? వాడి మొహం చూశావా?"

"లేదు. నీ కేక ఒక్కటే విన్నాను. అక్కా, వద్దు అన్నావు."

చెల్లెలి మొహంలో నవ్వు ఆరిపోయింది. ఏదో అనబోయి అక్క చేతుల్లోని సమ్మెట వంక చూసింది.

తలుపు తట్టిన చప్పుడు. "ఏమేవ్, తలుపు తియ్యి." అక్క గొంతే.

చెల్లెలు గడియ వైపు పరిగెత్తింది. అక్క ఆమె రెక్క పట్టుకుని వెనక్కి ఈడ్చింది. ఆ విసురుకు చెల్లెలు బల్లకు కొట్టుకుని దబ్బున పడింది. బయట మొదటి దెబ్బ పడింది.

"ముట్టుకోకు. బయట ఉన్నది నేనే" అంది అక్క. "నేను లోపలికి వచ్చేలోగానే వాడు నిన్ను చంపేశాడు. తలుపులోంచి రాలేదు. కిటికీలోంచి రాలేదు." మెల్లగా చక్రం వైపు తిరిగింది. "నేను వచ్చిన దారినే వస్తాడు."

రెండో దెబ్బ. అక్క చక్రం అంచు వెంట వేళ్లు పోనిచ్చింది. ముప్పై ఏళ్లుగా ఇనుము తడిమిన వేళ్లు. రుద్ది దాచిన అతుకు ఇట్టే దొరికింది.

"అది పగిలితే నువ్వు వెనక్కి వెళ్లలేవక్కా. ఎక్కడా లేకుండా పోతావు" అంది చెల్లెలు, బల్ల పట్టుకుని లేస్తూ.

"పోతే పోతాను. నువ్వుంటావు."

మూడో దెబ్బ. అక్క రెండు చేతులా సమ్మెట తలపైకి ఎత్తింది. నాలుగో దెబ్బకు తలుపు పలక చీలింది. అక్క బలమంతా కూడదీసుకుని సమ్మెటను అతుకు మీదికి దించింది. చెల్లెలు ఒక్క దూకున మధ్యకు వచ్చి చక్రాన్ని కావలించుకుంది.

"అక్కా, వద్దు."

దిగుతున్న సమ్మెట ఆగలేదు, చెల్లెలి కణతకు తగిలింది. అయిదు నిమిషాలు నిండాయి. వలయం అక్కనూ, ఆమె చేతిలోని సమ్మెటనూ లోపలికి లాగేసుకుంది. తలుపు అవతల ఆ కేక విన్న అక్క, చెల్లెల్ని కాపాడుకోవాలని, ఒళ్లు మరిచి మోదింది.