లక్క సీలు వేసిన పెట్టె

మొదటి రాయి కిటికీ అద్దాన్ని పగలగొట్టింది. రెండోది మేనేజరు కోదండరామయ్య నుదుటిని.

నయా పైసలు కొత్తగా వచ్చిన రోజులు. ఖరగ్‌పూర్‌లో, పూరీ గేట్ దగ్గర ఓ అద్దె ఇల్లు. ముందు గది బ్యాంకు, వెనక రెండు గదులు మేనేజరు కాపురం. కలకత్తాలో ఏదో బ్యాంకు మూతపడిందన్న కబురు పొద్దున్నే టీ దుకాణానికి చేరింది. రెండో గ్లాసు అయ్యేలోగా ఆ బ్యాంకు ఇదే అయిపోయింది.

జనం ఎగబడ్డారు. కౌంటర్లో ఉన్న నోట్లన్నీ చూస్తుండగానే అయిపోయాయి. తలుపు మూశారు. అంతే. పక్కనే రైలు పట్టాలు, పట్టాల నిండా కంకర. రాళ్లకేం కరువు?

"రేపు పొద్దుటి మెయిల్లో కలకత్తా నుంచి డబ్బొస్తుంది! ఒక్క రాత్రి ఆగండి!" అని కోదండరామయ్య కిటికీలోంచి అరిచాడు.

జవాబుగా ఇంకో రాయి వచ్చింది. ముందు పళ్లు రెండు కౌంటరు మీద పడ్డాయి.

అది విసిరింది జగ్గారావు. రైల్వే వర్క్‌షాపులో హేమర్‌మాన్. సుత్తి కూడా వెంట తెచ్చుకున్నాడు. పక్కనే అక్క చిలకమ్మ. ఆమె మొగుడు యార్డులో రెండు వాగన్ల మధ్య నలిగి చచ్చిపోయాడు. దానికి వచ్చిన పరిహారమంతా ఈ బ్యాంకులోనే ఉంది.

"మా బావ నెత్తురురా అది! నీ నెత్తురు కల్లజూసయినా పట్టుకెల్తాను!"

"మనోళ్లే కదరా, ఆగండ్రా" అంటూ గుమస్తా నూకరాజు కిటికీలోంచి చెయ్యి ఊపాడు. ఎవడో ఆ చెయ్యి అందుకుని చువ్వల మధ్య మెలిపెట్టాడు. ఎముక విరిగిన చప్పుడు వెనక వరసలకి కూడా వినిపించింది. వెనక వరసలు ఈల వేశాయి.

లోపల మేనేజరు భార్య త్రిపురసుందరి చీపురు అందుకుంది. ఇల్లు చిందరవందరగా ఉంటే అన్నం సహించని మనిషి. రాళ్లు పడ్డవి పడ్డట్టు వెనక గదిలోకి ఊడ్చేస్తోంది. కాసేపటికి వంటింట్లోంచి పొగ లేచింది.

"మొగుడి బుర్ర బద్దలైపోతే కాఫీ ఎడతన్నాదిరా!" అని బయట నవ్వులు.

బ్యాంకు తుపాకీ మనిషి తిమోతి జాడ లేదు. పెరటి దారిన పారిపోయాడని తేల్చుకుని, అతని తల్లినీ అప్పచెల్లెళ్లనీ పేరుపేరునా తలుచుకున్నారు.

సుత్తి తలుపు మీద పడింది. చెక్క చీలింది. జగ్గారావు లోపలికి దూకి, కోదండరామయ్యని పీక పట్టుకుని గోడకి ఎత్తాడు. ఆయన కాళ్లు నేలకి అందడం లేదు. సుత్తి మళ్లీ లేచింది.

"హటో! హటో! పే బాక్స్!"

నెలనెలా జీతాల రోజున వర్క్‌షాపులో వినిపించే కేక అది. అందరి తలలూ తిరిగాయి. స్టేషన్ వైపు నుంచి సైకిల్ రిక్షా వస్తోంది. దాని మీద గోనె చుట్టిన ఇనప పెట్టె. తాడు ముడి మీద ఎర్రటి లక్క సీలు. పక్కన తుపాకీ నిటారుగా పట్టుకుని తిమోతి.

రాళ్లు చేతుల్లోంచి జారాయి. ఎవరూ చెప్పకుండానే వరస కట్టారు, అదీ జీతం బిళ్ల నంబర్ల ప్రకారం. నూకరాజు చెయ్యి విరిచినవాడు ముందున్నవాణ్ణి భుజం తట్టి, "నీ నంబరు నా తరవాతరా, ఎనక్కెల్లు" అన్నాడు.

"గట్టోళ్లెవరైనా ఓ చెయ్యెయ్యండి" అన్నాడు తిమోతి.

జగ్గారావు మేనేజర్ని వదిలేసి పెట్టె ఎత్తాడు. మెడ నరాలు ఉబ్బాయి.

"ఓలమ్మో! ఏటి బరువురా ఇది! అన్నీ రూపాయి బిళ్లలేరా!"

వరసలోంచి హమ్మయ్య అని ఒక్క నిట్టూర్పు.

పెట్టె కౌంటరు మీద పెట్టించి, త్రిపురసుందరి కేకేసింది. "రా చిలకమ్మా. సీలు నీ చేత్తోనే విప్పు. నీ డబ్బు నువ్వు పట్టుకెళ్లు."

కోదండరామయ్య కళ్లు మూసుకున్నాడు.

చిలకమ్మ లక్క మీద వేలు పెట్టింది. వెచ్చగా తగిలింది. ఎండలో వచ్చింది మరి. ఆమె వెనక్కి తిరిగి చూసింది. అందరి కళ్లూ పెట్టె మీదే ఉన్నాయి. తమ్ముడి చేతిలోకి సుత్తి మళ్లీ వచ్చింది.

"ఇంతమంది సూత్తుండగా పట్టుకెల్లి ఎక్కడ దాసుకుంటానమ్మగోరూ? ఇక్కడే ఉండనీండి."

ఆమె మాటతో వరస కరిగిపోయింది. జగ్గారావు కౌంటరు మీది పళ్లు రెండూ ఏరి, తుడిచి, కోదండరామయ్య అరచేతిలో పెట్టాడు.

"తప్పయిపోనాది బాబూ" అని, ఆయన్నీ నూకరాజునీ అదే రిక్షాలో ఎక్కించుకుని ఆసుపత్రికి తనే తొక్కుకుంటూ పోయాడు.

వీధి ఖాళీ అయ్యాక త్రిపురసుందరి సీలు ఊడబెరికి, పొద్దుటి నుంచి తను ఊడ్చిన రాళ్లన్నీ పెరట్లో గుమ్మరించింది.