పద్దెనిమిదో కిలోమీటరు సాషా

"ఆడా, మగా?"

ప్రసూతి ఆసుపత్రి కిటికీ కింద మంచులో నిలబడి తమారా పెత్రోవ్నా గొంతు చించుకుంది.

మూడో అంతస్తు కిటికీలోంచి కోడలు వార్వారా తల బయటపెట్టింది.

"సాషా!"

"పేరు కాదే తల్లీ నేనడిగింది! ఆడా, మగా?"

"ఆడపిల్ల! సాషా!"

పక్కన నిలబడి తమ భార్యల కోసం అరుస్తున్న మొగుళ్లందరూ పకపకా నవ్వారు. బంధువుల్ని లోపలికి రానివ్వరు కాబట్టి ఆ ఊళ్లో ఎవరికి ఎవరు పుట్టినా ముందు వీధికే తెలుస్తుంది.

తమారా నవ్వలేదు. కొడుకు మీద విరుచుకుపడింది.

"ఒరేయ్ గ్లెబ్, ఎవరి పేరురా ఇది? మన వంశంలో సాషాలు ఎవరున్నారు?"

"ట్రాక్టరావిడ పేరమ్మా. చెప్పానుగా."

చెప్పాడు. నిన్న మధ్యాహ్నం నొప్పులు పడుతున్న భార్యను తీసుకొస్తుంటే పద్దెనిమిదో కిలోమీటరు దగ్గర కారు మంచులో కూరుకుపోయింది. తుఫానులో ఎదుట ఏమీ కనబడలేదు. వార్వారా కేకలు ఆగలేదు. గ్లెబ్ చేతులతో మంచు తవ్వుతూ ఏడుస్తూ ఉండగా, రోడ్డు మీద మంచు తోసే ట్రాక్టరు వచ్చింది. యాభై దాటిన ఆడమనిషి దిగింది. ఒక్క ప్రశ్న కూడా వేయకుండా వార్వారాను తన పక్కన కూర్చోబెట్టుకుంది. కారును వెనక తాడుతో కట్టి, దారి చేసుకుంటూ ఆసుపత్రి గుమ్మం దాకా లాక్కొచ్చింది.

దారి పొడుగునా ఆవిడ గొణుగుతూనే ఉంది.

"ఓర్చుకో సాషా. ఇంకాస్తే సాషా. ఈసారి చేరతాం."

ఒంటరిగా బండి తోలేవాళ్లు తమతో తాము మాట్లాడుకుంటారులే అనుకుంది వార్వారా. దిగుతూ పేరడిగింది. ఆవిడ కాసేపు తటపటాయించి "సాషా అనుకో" అంది.

"ఆడైనా మగైనా ఆ పేరే పెడతాను!" అంది వార్వారా.

ఆవిడ చేతితొడుగుతో మొహం తుడుచుకుని, ట్రాక్టరు తిప్పుకుని వెళ్లిపోయింది.

"పుట్టకముందే పేరు బయటపెడతారట్రా ఎవరైనా?" తమారా రెచ్చిపోయింది. "పైగా ముక్కూ మొహం తెలియని మనిషి పేరు! ఎవరి పేరు పెడితే వాళ్ల రాత బిడ్డకు అంటుకుంటుంది. ఆవిడ సుఖపడిందో, ఏడుస్తూ బతికిందో నీకు తెలుసా?"

పైనుంచి వార్వారా విననే విన్నది.

"తమారా పెత్రోవ్నా! అది గ్రీకువాళ్ల నుంచి వచ్చిన పేరు! అలెగ్జాండర్నీ సాషా అనే పిలుస్తాం, అలెగ్జాండ్రానీ సాషా అనే పిలుస్తాం. మనుషుల్ని కాపాడేవాళ్లని దానర్థం!"

"అర్థాలు తర్వాత! కిటికీ ముయ్యి, జలుబు చేస్తుంది!"

"వేరే పేరు పెడితే నేనసలు ఇంటికే రాను!"

కింద మొగుళ్లు చప్పట్లు కొట్టారు. "మా పెద్దాడూ సాషాయే!" అన్నాడొకడు.

"ఆ మనిషిని కళ్లారా చూసేదాకా నా మనవరాలికి పేరు లేదు" అని తేల్చేసింది తమారా.

మర్నాడు పొద్దున్నే క్యాబేజీ కూరిన పిరోగ్ రొట్టె కాల్చి మూట కట్టుకుని, కొడుకును వెంటబెట్టుకుని మంచు తోసే ట్రాక్టర్లుండే రోడ్ల డిపోకి వెళ్లింది. ఎంత కోపమున్నా ప్రాణం కాపాడిన మనిషి దగ్గరికి వట్టి చేతులతో వెళ్లకూడదు కదా.

గ్లెబ్‌ను కార్లోనే ఉండమని, లోపల అరగంట కూర్చుంది. బయటికొచ్చేసరికి పిరోగ్ అలాగే ఉంది, కళ్లు మాత్రం ఎర్రబడ్డాయి.

"ఏడ్చావా అమ్మా?"

"చలిగాలిరా" అంది తమారా. "పద, పిల్లకి గులాబీ రంగు రిబ్బను కొనాలి."

మూడోనాడు ఆసుపత్రి గుమ్మంలో నర్సు పసిదాన్ని గ్లెబ్ చేతుల్లో పెట్టింది.

"పేరు పెట్టారా?"

వార్వారా యుద్ధానికి సిద్ధమై అత్తగారి వైపు చూసింది. తమారా మెట్ల మీద నిటారుగా నిలబడి వీధి అదిరేలా అరిచింది.

"సాషా! అలెగ్జాండ్రా గ్లెబొవ్నా! మా సాషా ఇంటికి వెళుతోంది, దారివ్వండి!"

"ఉర్రా!" అన్నారు జనం.

"ఈ ఊళ్లో మరో సాషానా!" నర్సు నవ్వింది. "నేనూ సాషానే."

"తెలుసులే" అంది తమారా, ఆ పిల్ల బుగ్గ నిమిరి.

తిరుగు ప్రయాణంలో పద్దెనిమిదో కిలోమీటరు దగ్గర కారు ఆపించింది తమారా. రోడ్డు శుభ్రంగా ఉంది. మనవరాలిని గుండెకు హత్తుకుని దిగి, ఆ కిలోమీటరు రాయి దాటేదాకా నడిచింది.

"చేరావే సాషా. ఈసారీ చేరావు."

వార్వారా వెనకే దిగింది.

"ఆ ట్రాక్టరు సాషాని చూశారా మీరు?"

"ఆలస్యమైపోయిందమ్మా. ఉద్యోగం చాలించి పింఛను పుచ్చుకుని, నేను వెళ్లడానికి ముందురోజే చెల్లెలి ఊరికి రైలెక్కేసిందట. ఆవిడ పేరు సాషా కాదు, రీమ్మా."

"మరి నాతో అబద్ధమెందుకు చెప్పింది?"

"అందరితోనూ అదే చెప్పిందట. ముప్పై ఒక్క చలికాలాలు ఈ దారి మూసుకోనివ్వలేదు. నీలాంటివాళ్లను పదిహేడు మందిని ఆసుపత్రికి చేర్చింది. ఈ చుట్టుపక్కల పదిహేడు మంది సాషాలు, అబ్బాయిలూ అమ్మాయిలూనూ! ఆ నర్సు పిల్ల కూడా."

"ఆ పేరే ఎందుకు, తమారా పెత్రోవ్నా?"

తమారా పసిదాని రిబ్బను సర్దింది.

"ఆవిడ ట్రాక్టరెక్కడానికి ముందు చలికాలం ఇదే రాయి దగ్గర, ఏ ట్రాక్టరూ రాక, రీమ్మా కడుపులోనే పోయిన బిడ్డకు, ఆడైనా మగైనా సరిపోతుందని మొగుడూ పెళ్లాలిద్దరూ ముందే అనుకున్న పేరమ్మా అది."