లూజమ్మ

"ఒక్క అంగుళమే. అంతకు మించి కుట్టు వదిలారంటే ఊరుకోను," అంది చిట్టి, యూనిఫాం గౌను బల్ల మీద పెడుతూ.

టైలరమ్మ ముక్కు మీదికి జారిన కళ్ళజోడు పైనుంచి చూసింది. మూడు నెలల కిందట ఆ గౌను కుట్టింది ఆవిడే.

"ఎన్నో నెలమ్మా?"

"ఆరు."

"పొద్దున ఏం తిన్నావు?"

"కాఫీ తాగాను. అవన్నీ మీకెందుకండీ, కొలత తీసుకోండి."

టేపు చుట్టగానే చిట్టి ఊపిరి బిగబట్టి పొట్ట లోపలికి లాక్కుంది. ఆరో నెల పొట్ట ఎక్కడికి పోతుంది? అయినా లాగింది.

"ఎంతొచ్చింది?"

టైలరమ్మ టేపు మళ్ళీ మెడలో వేసుకుంది.

"నాకు తెలిసిందిలే," అంది.

చిట్టి పనిచేసేది కళ్ళద్దాల షాపులో. గోడల నిండా అద్దాలే. వచ్చినవాళ్ళు మొహం చూసుకుంటారు, చిట్టి నడుము చూసుకునేది. చిన్నప్పుడు ఇంట్లో ఆమె చిట్టి, బడిలో డ్రమ్ము. ఆ రెండో పేరు వదిలించుకోవడానికి పదేళ్ళు కడుపు మాడ్చుకుంది. ఇప్పుడు అదే కడుపులో బిడ్డ పడినా ఆ భయం మాత్రం పోలేదు. మధ్యాహ్నం టిఫిన్ బాక్సు తెరిచి, రెండు ముద్దలు తిని, మిగిలింది కాగితంలో చుట్టి చెత్తబుట్టలో పడేసేది. ఇంట్లో అడిగితే షాపులో తిన్నాననేది, షాపులో అడిగితే ఇంట్లో తినొచ్చాననేది.

డాక్టరమ్మ మాత్రం మొహమాటపడలేదు.

"బిడ్డ ఎదుగుదల చాలడం లేదు. ఇలాగే ఉంటే కష్టం. సరిగ్గా తింటున్నావా?"

"తింటున్నానండీ."

బయటికొచ్చి ఆసుపత్రి మెట్ల మీద కూర్చుని ఏడ్చింది. బిడ్డ కావాలి. లావు కాకూడదు. ఏం చెయ్యాలో పాలుపోలేదు.

రెండు రోజులకి గౌను వచ్చింది. వేసుకుంటే వదులు. చిట్టికి ఒళ్ళు మండింది. వేసుకున్న గౌనుతోనే వెళ్ళి టైలరమ్మ ముందు నిలబడింది.

"ఒక్క అంగుళం అన్నానా లేదా? గోనెసంచిలా వేలాడుతోంది చూడండి."

"వదిలింది ఒక్కంగుళమేనమ్మా. నువ్వే తగ్గావేమో."

కోపం ఎక్కడిదక్కడ ఆగిపోయింది.

"తగ్గానా?"

"నేను చెప్పడమెందుకు, నీ గౌనే చెబుతోందిగా."

ఆ మధ్యాహ్నం షాపు అద్దం ముందు నిలబడి, నడుము దగ్గర పిడికెడు గుడ్డ పట్టి చూసుకుంది. నిజమే, వదులే. టిఫిన్ బాక్సు తెరిచింది. రెండు ముద్దల దగ్గర ఆగలేదు. సగం అయ్యాక బాక్సు పక్కన పెట్టింది. మళ్ళీ గుడ్డ పట్టి చూసుకుంది. మిగతా సగం కూడా తినేసింది. తిండి ఇంత రుచిగా ఉంటుందా అనుకుంది.

ఏడో నెల ఒక్క అంగుళం చెప్పింది. మళ్ళీ వదులే. ఎనిమిదో నెలా అంతే.

"ఆవిడకి కొలతలు రావే బాబూ. కుట్టూ లూజే, బుర్రా లూజే," అని పైకి పక్క కౌంటరు అమ్మాయితో నవ్వింది, లోపల మాత్రం తగ్గానన్న ధీమాతోనే. ఆ రోజు నుంచి షాపు షాపంతా టైలరమ్మని లూజమ్మ అనసాగింది. ఒకసారి చిట్టి నోరు జారి ఎదురుగానే ఆ పేరుతో పిలిచింది. నాలిక్కరుచుకుంది.

"పేరు బాగానే ఉందే," అని నవ్వి, సూదిలో దారం ఎక్కించుకుంది ఆవిడ.

డాక్టరమ్మ కూడా కాగితాలు చూసి తల ఊపింది. "ఇప్పుడు దారిలో పడ్డావు. ఏం చేస్తున్నావో అదే చెయ్యి," అంది.

నెలలు నిండాక పాప పుట్టింది. మూడు కిలోల బరువు. ఆ మూడు కిలోల సంగతి చిట్టి భర్త కనబడ్డ ప్రతివాడికీ చెప్పాడు. పాలిచ్చే తల్లి ఆకలి ఒక పట్టాన తీరేది కాదు, చిట్టి దాన్ని ఆపనూ లేదు. అద్దం ముందు నిలబడదామన్నా తీరిక దొరకలేదు. కడుపు నిండా తిని, పాపని పక్కన వేసుకుని, హాయిగా నిద్రపోయేది.

మళ్ళీ పనిలో చేరేముందు గౌను తగ్గించుకుందామని, పాపని కూడా చూపిద్దామని వెళ్ళింది. లూజమ్మ కొట్టులో తాళంచెవులు చేసే మనిషి కూర్చుని ఉన్నాడు.

"ఖాళీ చేసి వెళ్ళిపోయిందమ్మా. ఎక్కడికో తెలీదు."

చిట్టి మనసు చివుక్కుమంది. పక్క వీధిలో ఉన్న టైలరు మాస్టారి దగ్గరికి నడిచింది.

ఆయన గౌను తిరగేసి, లోపలి కుట్ల మీద వేలు పోనిచ్చాడు. వేలు ఆగింది.

"మూడుసార్లు వదిలారు కదూ? మొదట కుట్టినప్పుడే లోపల ఇంత గుడ్డ మడిచి దాచారు. వదిలిన ప్రతిసారీ సరిగ్గా రెండంగుళాలు."

"ఒకటండీ. నేను చెప్పింది ఒక్కటే. ఆవిడ కూడా..."

"రెండమ్మా. పాత కుట్టు జాడలు కనిపిస్తున్నాయిగా."

చిట్టి దగ్గరికొచ్చి చూసింది. మూడుచోట్లా సూది జాడలు వరసగా, చక్కగా ఉన్నాయి. నువ్వే తగ్గావేమో అన్న మాట గుర్తొచ్చింది. చంకలో పాప మాస్టారి టేపు లాక్కుని చప్పరిస్తోంది.

"ఆవిడకి కొలతలు రావండీ," అంది మెల్లగా, తనకే నమ్మకం లేకుండా. "అందుకే మేమంతా లూజమ్మ అనేవాళ్ళం."

మాస్టారు కుట్టు చివర వేసిన ముడిని వెలుతురులోకి తిప్పి చాలాసేపు చూశాడు.

"ఈ ముడి ఇంకెవరూ వెయ్యరు. నాకీ పని నేర్పింది ఆవిడేనమ్మా. పావంగుళం లూజొచ్చిందంటే చాలు, చెక్క స్కేలు తీసి వేళ్ళ మీద కొట్టేది."