చూడని సరుకు

“నా ముఖం తీసెయ్. రేపు తెర మీద అది కనబడకూడదు.”

కుర్చీ చూపించినా పత్తి గోదాం యజమాని కూర్చోలేదు. ఎడిటింగ్ గదిలో డాక్యుమెంటరీ తీసినావిడ, ఆవిడ తమ్ముడు ఉన్నారు. కిందటేడు ఆయన గోదాం తగలబడి లోపలున్న కూలీల్లో చాలామంది పోయారు. సినిమా దాని గురించే.

“తీసేస్తానండీ. సినిమాలో ఉన్న ఎవరు అడిగినా తీసేస్తాను. కాకపోతే ముందు చూడాలి, చూశాకే చెప్పాలి. కూలీల ఇళ్లవాళ్లంతా అలాగే చేశారు.”

“నేను చూడక్కర్లేదు.”

“ఒక్క నిమిషం బాబాయ్‌గారూ,” అంటూ తమ్ముడు మౌస్ మీద చెయ్యి వేశాడు.

“వద్దన్నానా!”

పీచు లాగి చూడనిదే ఒక్క పత్తి బేలు కూడా దింపించుకోని మనిషి ఆయన. కానీ ఈ సరుకు సంగతి వేరు. ఆ రోజు తనేం చేశాడో తనకు తెలుసు. ఈవిడ కెమెరా పట్టుకుని అక్కడే తిరగడమూ చూశాడు. ఆ రెండూ కూడితే ఏం తేలుతుందో తెర మీద చూసి తెలుసుకోవాలా? ముఖం పోతే పోయింది, పరువు మిగులుతుంది. బేరం గిట్టుబాటే.

“సరే, తీసేస్తాను. మీకే నష్టమండీ,” అందావిడ.

“లాభనష్టాలు నాకు నేర్పకమ్మా.”

మర్నాడు హాలు నిండిపోయింది. ఆయన వెనక వరసలో, తలుపు పక్కన కూర్చున్నాడు. తెర మీద తల్లులు, భార్యలు, ఒళ్లు కాలినా బతికి బయటపడ్డవాళ్లు సూటిగా చూస్తూ మాట్లాడారు. ఒక్కరూ ముఖం దాచుకోలేదు. చివర్లో భుజాల దాకా ఒక మనిషి కనిపించాడు. వెనక పొగ. మెడ పైన, ముఖం ఉండాల్సిన చోట బూడిదరంగు మచ్చ.

“ఎవడ్రా ఆ ముఖం లేనోడు?” అన్నారెవరో చీకట్లో.

“ఇంకెవడు? చేసినవాడే దాచుకుంటాడు.”

హాలంతా గుసగుసలు. సినిమా అయిపోగానే ఆయన రొప్పుకుంటూ ఆవిడ దగ్గరికొచ్చాడు.

“నన్ను నిలువునా ముంచావు కదమ్మా!”

“మీరడిగిందే చేశానండీ.”

“అసలు ఏముంది అందులో? చూపించు!”

తమ్ముడు లాప్‌టాప్ ఇటు తిప్పాడు. అదే పొగ, అవే భుజాలు. వాటి పైన ఆయన ముఖం. కళ్లు ధారగా కారుతున్నాయి. చెంపల మీది మసి చారలు కట్టింది.

“సినిమా అంతా మీ మీద కోపమే. మీ వైపు తూగేది ఇదొక్కటే. అందుకే చూడమని బతిమాలాను,” అందావిడ.

ఆయన అక్కడే కూలబడ్డాడు. గుండెల మీది బరువు దిగినట్టు పెద్దగా ఊపిరి వదిలాడు.

“ఇదా? మంటలు లేవగానే జనం దూరి సరుకు ఎత్తుకుపోతారని గేటుకి తాళం వేయించానే, అది తీశావనుకున్నానమ్మా!”

అక్కాతమ్ముళ్లు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు.

“ఏ గేటండీ?” అందావిడ.